సోచ్ బీమారీకి ఒక బెంచీ

అబ్బా ఇంతెఖాల్ అయిన ఐదో నెలలో అమ్మీకి నిద్ర పోయింది.

ఇద్దత్‌లో ఉన్న నాలుగు నెలల పది రోజులూ బాగానే ఉంది. ఇల్లు దాటేది లేదు గానీ ఇంటినిండా మనుషులే. ఫూఫీలు, ఖాలాలు, మొహల్లా ఆడవాళ్ళు. ఒకరు ఖుర్‌ఆన్ చదివేవాళ్ళు, ఒకరు చాయ్ పెట్టేవాళ్ళు, ఒకరు అబ్బా కుట్టిన షేర్వానీల సంగతులు చెప్పి నవ్వించేవాళ్ళు. ఇద్దత్ ముగిసిన రోజు అందరూ అమ్మీని పట్టుకుని ఏడ్చి, ఖుదా హాఫిజ్ చెప్పి ఎవరిళ్ళకు వాళ్ళు వెళ్ళిపోయారు. మర్నాటి నుంచి ఇంట్లో అమ్మీ, తఖత్ మీద అబ్బా కత్తెర, గోడమీద గడియారం.

రాత్రి రెండింటికి లేచి చూస్తే అమ్మీ కూర్చునే ఉండేది. చేతిలో తస్బీహ్ ఉండేది, వేళ్ళు మాత్రం కదిలేవి కావు. "క్యా హుఆ అమ్మీ?" అంటే "కుచ్ నై బేటా, సోచ్ లగ్‌గయీ" అనేది. అంతే. ఆ ఒక్క మాట.

జిల్లా కేంద్రంలో ఒక పెద్ద డాక్టరు దగ్గరికి తీసుకెళ్ళాను. రెండు గంటలు బెంచీమీద కూర్చోబెట్టి, మూడు నిమిషాలు చూశారు. "ఏమిటి ప్రాబ్లమ్?" అన్నారు. అమ్మీకి తెలుగు అంతగా రాదు. నేను చెప్పాలి. అక్కడ ఆగిపోయాను. సోచ్‌ని తెలుగులో ఏమనాలి? ఉర్దూ మీడియంలో పదో తరగతి దాకా చదివి, ఆ తర్వాత తెలుగులో డిగ్రీ చేసినవాణ్ణి. ఇరవయ్యేళ్ళుగా తెలుగులో వార్తలు రాసి బతుకుతున్నవాణ్ణి. ఆలోచన అందామా? ఆలోచన జబ్బు కాదు కదా. చింత అంటే పద్యంలో మాటలా ఉంది. దిగులు కొంచెం దగ్గర, కానీ దిగులుకు ఏడుపు ఉంటుంది, అమ్మీ ఏడవటం లేదు. చివరికి "నిద్ర పట్టట్లేదు సార్" అన్నాను. డాక్టరు నిద్రమాత్రలు రాశారు. నేను చెప్పినదానికి ఆయన సరిగ్గానే రాశారు. చెప్పింది నేనే తక్కువ.

బస్సులో అమ్మీ అంది: "ముఝే బీమారీ నై బేటా, సోచ్ హై. నువ్వు డాక్టర్‌కు అది చెప్పలేదు."

ఆ రాత్రి నాకూ నిద్ర పట్టలేదు. ఫోనులో అదీ ఇదీ చదువుతూ ఒక మాట దగ్గర ఆగాను. కుఫుంగిసిసా. ఆఫ్రికాలో జింబాబ్వే అనే దేశం ఉంది కదా, అక్కడ ఎక్కువమంది మాట్లాడే షోనా భాషలోని మాట అది. కుఫుంగా అంటే ఆలోచించడం. దాని చివర ఇసిసా చేరిస్తే ఆలోచన మితిమీరిపోవడం, ఆగకుండా తిరుగుతూనే ఉండటం. అక్కడి జనం తమ మనసు బాగాలేదని చెప్పుకునే మాట అదే. డిప్రెషన్ అనరు, యాంగ్జయిటీ అనరు. కుఫుంగిసిసా అంటారు. అంటే అచ్చంగా మా అమ్మీ చెప్పిన సోచ్!

ఆ మాట వెంట పోతే డిక్సన్ చిబాండా అనే మనిషి దొరికాడు. ఆయన గురించే ఈ పోస్టు. ఆయనతో పాటు మా నానీ గురించి, నేను రాసిన కొన్ని వార్తల గురించి కూడా.

*

చిబాండా హరారేలో సైకియాట్రిస్టు. కోటికి పైగా జనాభా ఉన్న ఆ దేశంలో అప్పటికి సైకియాట్రిస్టులు పది పన్నెండు మందే. 2005లో ఆయన దగ్గర వైద్యం తీసుకుంటున్న ఒక యువతి ఖుద్‌కుషీ చేసుకుంది. దూరపు ఊరి అమ్మాయి. మళ్ళీ ఒకసారి ఆయన దగ్గరికి తీసుకురావాల్సి ఉంది, తీసుకురాలేకపోయారు. ఎందుకని అడిగితే తల్లి చెప్పిన కారణం బస్సు చార్జీ. పదిహేను డాలర్లు వాళ్ళ దగ్గర లేవు.

ఈ సంగతి చిబాండా ఎన్నో వేదికల మీద తనే చెప్పుకున్నాడు. డాక్టరు ఉన్నాడు, మందు ఉంది, జబ్బు ఏమిటో తెలుసు. మధ్యలో బస్సు చార్జీ లేదు. జబ్బుపడ్డ మనిషి ఆస్పత్రికి రావాలని కూర్చోవడం సరికాదు, వైద్యమే మనిషి ఉన్న చోటికి పోవాలి అన్న ఆలోచన ఆయనకు అక్కడ మొదలైంది.

అదే 2005లో ఆ దేశ ప్రభుత్వం పట్టణాల్లో పేదల గుడిసెలు, చిన్న చిన్న దుకాణాలు కూలగొట్టించింది. ఆ పనికి పెట్టిన పేరు మురంబాట్స్‌వినా. చెత్తను ఊడ్చిపారేయడం అని అర్థం. ఏడు లక్షల మంది ఇల్లో, జీవనాధారమో, రెండూనో పోగొట్టుకున్నారని ఐక్యరాజ్యసమితి లెక్క కట్టింది. బుల్‌డోజర్ వచ్చి వెళ్ళాక మనిషి లోపల ఏం మిగులుతుందో ఇవాళ మన దేశంలో ఎవరికీ విడమరిచి చెప్పనక్కర్లేదు.

హరారేలో ఎంబారే అని ఒక పేదల పేట ఉంది. పెద్ద మార్కెట్టు, ఇరుకు ఇళ్ళు. అక్కడ మనసు దెబ్బతిన్న జనం కోసం ఏదైనా చేద్దామని చిబాండా వెళితే క్లినిక్‌లో గది లేదన్నారు. నర్సులను ఇవ్వలేమన్నారు. హెచ్ఐవీ రోగులు, కాన్పుల పనితోనే వాళ్ళకు తీరిక లేదు. చివరికి ఆయనకు దొరికింది 14 మంది నానీమాలు, ఆరుబయట చెట్టుకింద కాస్త స్థలం.

ఆ నానీమాలను అక్కడ అంబుయా ఉతానో అంటారు. అంబుయా అంటే నానమ్మ, అమ్మమ్మ. ఉతానో అంటే ఆరోగ్యం. మన ఆశా వర్కర్ల లాగా ఇల్లిల్లూ తిరిగి ఆరోగ్యం సంగతులు చెప్పే పెద్దామెలు. పెద్ద చదువులు లేవు, మనస్తత్వ శాస్త్రం పేరు కూడా వినలేదు. వీళ్ళతో అయ్యే పనేనా అని చిబాండాకే మొదట అనుమానం. వేరే దారి లేక 2006లో వాళ్ళతోనే మొదలుపెట్టాడు. చెట్టుకింద ఒక చెక్క బెంచీ వేశారు. ఒక పక్క నానీమా, ఒక పక్క వచ్చిన మనిషి. అంతే ఆస్పత్రి.

*

ఇక్కడ నాకు బాగా నచ్చిన సంగతి ఏమిటంటే, నేర్పడానికి వెళ్ళిన డాక్టరు నేర్చుకుని వచ్చాడు.

ఆయన ఆ బెంచీకి మొదట మానసిక ఆరోగ్య బెంచీ అని పేరు పెట్టాడు. ఆ పేరుంటే ఎవరూ వచ్చి కూర్చోరని నానీమాలు చెప్పారు. మన దగ్గర మాత్రం కూర్చుంటారా? హైదరాబాద్ వైపు ఎవరినైనా వెక్కిరించాలంటే 'ఎర్రగడ్డకు తీస్కపోవాలె' అంటారు. ఒక దవాఖానా పేరునే తిట్టు చేసుకున్నవాళ్ళం మనం. అందుకని అక్కడ పేరు మార్చారు. షోనాలో చిగారో చెకుపనమజానో. ఒకరికొకరు ఆలోచనలు ఇచ్చిపుచ్చుకునే బెంచీ అని. ఇంగ్లీషులో ఫ్రెండ్‌షిప్ బెంచ్ అయింది. మన భాషలో అయితే దోస్తీ బెంచీ.

రెండోది, డిప్రెషన్ లాంటి డాక్టరు మాటలు వద్దన్నారు. జనం కుఫుంగిసిసా అంటారు, మనమూ అదే అందాం అన్నారు. మనిషి తన బాధకు తను పెట్టుకున్న పేరుతోనే మాట మొదలవ్వాలి అన్నది ఈ పద్ధతిలో మొదటి ఉసూల్ అని నాకనిపిస్తుంది. డాక్టరు గదిలో నేను తప్పింది సరిగ్గా అక్కడే.

బెంచీమీద ముందు పద్నాలుగు ప్రశ్నలు అడుగుతారు. అవును, కాదు అని జవాబు చెబితే చాలు. గడిచిన వారంలో ఎక్కువగా ఆలోచించావా? నిద్ర పట్టలేదా? చిన్నదానికే భయం వేసిందా? ఏడుపు వచ్చిందా, ఏడవాలనిపించిందా? కడుపులో నొప్పి వచ్చిందా? పని వెనకబడిందా? ఏం చెయ్యాలో తేల్చుకోలేకపోయావా? బతకొద్దు అనిపించిందా? ఇలా.

ఈ ప్రశ్నల పట్టిక వెనక మన దేశపు మనిషి ఉన్నాడు. బొంబాయిలో పుట్టిన విక్రమ్ పటేల్ అనే సైకియాట్రిస్టు 1990లలో హరారేలో పనిచేస్తూ అక్కడివాళ్ళతో కలిసి దాన్ని తయారుచేశాడు. యూరప్ పుస్తకాల్లోని లక్షణాలను తర్జుమా చేసి తీసుకుపోకుండా, అక్కడి జనం బాధను ఏ మాటల్లో చెప్పుకుంటారో వాటినే ప్రశ్నలుగా పేర్చారు. ఆయన తర్వాత గోవాలో సంగాత్ అనే సంస్థను ప్రారంభించి, డాక్టర్లు కాని మామూలు మనుషులకు తర్ఫీదు ఇచ్చి మనసు వైద్యం చేయించవచ్చని మన దగ్గర కూడా చూపించాడు.

ప్రశ్నల తర్వాత అసలు పని. అది మూడు మెట్లు. మొదటిది కువురా ఫుంగ్వా, మనసు తెరవడం. వచ్చిన మనిషి తన కష్టాలన్నీ చెబుతుంది. నానీమా వింటుంది. అన్నీ చెప్పాక, వీటిలో ముందు ఏది చూద్దాం అని అడుగుతుంది. ఏరుకునేది ఆ మనిషే, నానీమా కాదు. రెండోది కుసిముద్జిరా, పైకి లేపడం. ఏరుకున్న ఆ ఒక్క కష్టానికి ఏమేం దారులున్నాయో ఇద్దరూ కలిసి వెతుకుతారు. వాటిలో చేతనయ్యే ఒక దారి, ఇంటికి వెళ్ళి చెయ్యగలిగే ఒక పని తేల్చుకుంటారు. మూడోది కుసింబిసా, బలం ఇవ్వడం. వచ్చే వారం మళ్ళీ కలిసినప్పుడు ఆ పని అయిందా, అవకపోతే ఎక్కడ ఆగింది అని చూసి, ఇంకో అడుగు వేయిస్తారు. ఇలా మొత్తం ఆరుసార్లు.

బతకొద్దనే ఆలోచన గట్టిగా ఉన్నవాళ్ళు వస్తే నానీమా తన ఒక్కదాని మీద వేసుకోదు. పై మనిషికి చెబుతుంది, వాళ్ళు క్లినిక్‌కు పంపుతారు. ఆ గొలుసు లేకపోతే బెంచీ వట్టి బెంచీయే.

ఆరుసార్లూ అయ్యాక కుబటానా టోసే. చేతులు పట్టుకుని అందరం కలిసి ఉండటం. బెంచీ దాటివచ్చిన వాళ్ళంతా గుండ్రంగా కూర్చుని, వాడిపారేసిన ప్లాస్టిక్‌తో సంచులు అల్లుతూ మాట్లాడుకుంటారు. చేతిలో పని ఉంటే నోట్లోంచి మాట తేలిగ్గా వస్తుంది. నాలుగు పైసలూ వస్తాయి.

ఇదంతా వినడానికి బాగుంది, పనిచేస్తుందా? పత్రికలవాణ్ణి, నేనూ అదే అడుగుతాను. హరారేలో 24 క్లినిక్‌లలో 573 మందితో పరీక్ష చేశారు. సగం క్లినిక్‌లలో మామూలుగా ఇచ్చే వైద్యాన్నే ఇంకాస్త మెరుగుపరిచి ఇచ్చారు, సగం వాటిలో బెంచీ. ఆరు నెలల తర్వాత చూస్తే మామూలు వైద్యం వైపు దాదాపు సగం మందిలో డిప్రెషన్ లక్షణాలు అలాగే ఉన్నాయి. బెంచీ వైపు నూటికి 14 మందిలోనే. ఈ ఫలితాలు 2016 డిసెంబర్‌లో అమెరికన్ మెడికల్ అసోసియేషన్ పత్రికలో వచ్చాయి. ఆ 573 మందిలో ఎక్కువమంది ఆడవాళ్ళు, చాలామంది హెచ్ఐవీతో బతుకుతున్నవాళ్ళు. ఇప్పుడు ఆ బెంచీ మలావీ, జాంజిబార్, న్యూయార్క్ దాకా పోయింది. 2022లో ఖతార్‌లో ఫుట్‌బాల్ వరల్డ్ కప్ జరిగినప్పుడు ఆడే జట్టుకు ఒకటి చొప్పున 32 బెంచీలు వేశారు.

*

ఇదంతా చదువుతుంటే నాకు మా నానీ చబూత్రా గుర్తొచ్చింది. బెంచీ మాకు కొత్త కాదు కదా అనుకున్నాను. ముందు గర్వపడ్డాను. తర్వాత సిగ్గుపడ్డాను.

మా నానీది నిజామాబాద్ జిల్లా. ఆ వైపు ఎవరింటి ముందు చూసినా బీడీల చాటలే. మా మొహల్లాలో మా ముసల్మాన్ ఆడవాళ్ళూ, పక్క వాడలో పద్మశాలి ఆడవాళ్ళూ, అందరికీ అదే రోజీ. తునికాకు తడిపి, కత్తెరతో కోసి, తంబాకు పోసి, చుట్టి, దారం కట్టి. మగవాళ్ళు చాలామంది గల్ఫ్‌లో. సాయంత్రం అసర్ నమాజ్ అయ్యాక ఆడవాళ్ళంతా చాటలు తీసుకుని నానీ ఇంటి చబూత్రా మీద చేరేవాళ్ళు. చేతులు బీడీలు చుట్టేవి, నోళ్ళు ఇంటింటి కథలు విప్పేవి. ఎవరి సౌహర్ ఉత్తరం రాయలేదు, ఎవరి సాస్ తిండి పెట్టలేదు, ఎవరి బిడ్డకు జ్వరం తగ్గలేదు. నానీ పాన్‌దాన్ ముందర పెట్టుకుని అన్నీ వినేది. అందరికీ ఆమె నానీమానే.

ఆ మొహల్లాలో ఒక ఆపా ఉండేది. పేరు చెప్పను. చేతులు చాలా చురుకు. రోజుకు వెయ్యి బీడీలు చుట్టేది. భర్త షార్జాలో ఉండేవాడు. మొదట నెలనెలా ఉత్తరం, డ్రాఫ్టు వచ్చేవి. తర్వాత డ్రాఫ్టు ఆగింది. తర్వాత ఉత్తరమూ ఆగింది. అక్కడ ఇంకో నికా చేసుకున్నాడని ఎవరో చెప్పారు. సుస్రాల్‌లో మాటలు మొదలయ్యాయి. నాకు అప్పుడు పదకొండేళ్ళు. కట్టలు లెక్కపెట్టే పని నాది. ఆపా వెయ్యి ఎనిమిది వందలయింది, ఎనిమిది వందలు నాలుగు వందలయింది. "ఆపా, ఆజ్ కైకు కమ్?" అని నేను అడిగేవాణ్ణి. "పేట్‌మే దర్ద్ హై రే" అనేది. కడుపులో నొప్పి.

నానీ చూస్తూనే ఉండేది. ఆపా ఏదో చెప్పబోతే తల నిమిరి, "సబర్ కర్ బేటీ. అల్లాహ్ దేఖ్‌రా" అనేది. ఎంతో ప్రేమగా అనేది. ఆపా తల ఊపి చాట వైపు వంగేది.

ఒక రోజు ఫజర్ తర్వాత వీధిలో ఏడుపులు. జొహర్ కల్లా జనాజా లేచిపోయింది. అంత తొందర ఎందుకో నాకు అప్పుడు తెలియదు. ఏమైందని ఎవరు అడిగినా ఇంటివాళ్ళు ఒకటే మాట చెప్పారు. కడుపునొప్పి. ఖుద్‌కుషీ అనే మాట మా ఇళ్ళలో పలకరు. హరామ్ కాబట్టి పలకరు. పలకరు కాబట్టి దాని ముందున్న ఆర్నెల్ల గురించి కూడా ఎవరూ మాట్లాడరు. నానీ చాలా రోజులు చబూత్రా మీదకి రాలేదు. వచ్చాక కూడా ఆపా పేరు ఎత్తలేదు. నేను లెక్కల పుస్తకంలో ఆపా పేజీ తిప్పేశాను.

*

ఇరవై ఏళ్ళు దాటాక నేను విలేకరినయ్యాను. మొదట మండలంలో కంట్రిబ్యూటర్‌గా. రోజూ పొద్దున పోలీస్ స్టేషన్‌కు ఫోన్ చేసి క్రైమ్ వార్తలు రాసుకోవడం నా పని. తెలుగు పేపరు చదివే ప్రతి ఒక్కరికీ ఈ వాక్యాలు కంఠతా వచ్చే ఉంటాయి: 'కడుపునొప్పి తాళలేక మహిళ ఆత్మహత్య', 'జీవితంపై విరక్తి చెంది యువకుడి బలవన్మరణం'. ఇలాంటివి ఎన్ని రాశానో లెక్కలేదు. కానిస్టేబుల్ చెప్పేవాడు, నేను రాసేవాణ్ణి. నాలుగు లైన్లు, ఊరు, పేరు, వయసు, కేసు దర్యాప్తులో ఉంది. కడుపునొప్పికి ఎవరైనా చనిపోతారా అని ఒక్కసారీ అడగలేదు. నా ఆపా కూడా కడుపునొప్పితోనే పోయిందని ఆ వాక్యం రాసేటప్పుడు ఒక్కసారీ గుర్తురాలేదు.

హరారే పద్నాలుగు ప్రశ్నల్లో కడుపునొప్పి ప్రశ్న చూసినప్పుడు గుర్తొచ్చింది. పని వెనకబడిందా అన్న ప్రశ్న చూసినప్పుడు నాలుగు వందల బీడీల లెక్క గుర్తొచ్చింది. ఆపా చెప్పింది. నొప్పి ఉందని చెప్పింది, చేతుల వేగంతో చెప్పింది. లెక్క నా చేతిలోనే ఉంది. ఆ కడుపునొప్పి అబద్ధం కాదు. మనసు బాధ చాలామందికి ఒంట్లోనే మాట్లాడుతుంది. ఆ మాట చదవడం మాకెవరికీ రాలేదు.

కాబట్టి 'మన పాతకాలపు అరుగులు, మన నానమ్మలు ఉంటే సైకియాట్రిస్టులు ఎందుకు' అని ఎవరైనా అంటే నేను ఒప్పుకోను. చబూత్రా ఉంది, నానీ ఉంది, ప్రేమ ఉంది. ఆపా మాత్రం లేదు. చిబాండా చేసింది నానీమాలను తెచ్చి బెంచీమీద కూర్చోబెట్టడం ఒక్కటే కాదు. వాళ్ళకు తర్ఫీదు ఇచ్చాడు. నసీహత్ ఇవ్వకుండా ఉండటం ఆ తర్ఫీదులో పెద్ద భాగం. పెద్దవాళ్ళకు అదెంత కష్టమో మనకు తెలుసు. అవతలి మనిషి నోరు తెరవగానే మన దగ్గర జవాబు సిద్ధంగా ఉంటుంది.

సబర్ చెడ్డ మాట అని నేను అనను. నా ఈమాన్‌లో అది చాలా పెద్ద మాట. ఈ మధ్య అమ్మీని నిలబెట్టిన వాటిలో అదీ ఒకటి. కానీ సబర్ మనిషి తనకు తాను చెప్పుకోవాల్సిన మాట. ఎదుటి మనిషి చెప్పేది పూర్తిగా వినకముందే మనం ఆమెకు చెబితే, అది తలుపు వేసినట్టే అవుతుంది.

*

మళ్ళీ అమ్మీ దగ్గరికి వస్తాను.

నేను డాక్టర్ని కాదు, తర్ఫీదు పొందినవాణ్ణీ కాదు. కానీ ఒక జుమా రోజు నమాజ్ నుంచి వచ్చి, ఫోను లోపల పెట్టి, తఖత్ మీద అమ్మీ పక్కన కూర్చున్నాను. ఎదురుగా కాదు, పక్కన. "అమ్మీ, సోచ్ అంటున్నావు కదా. ఏం సోచ్? ఏమేం ఉన్నాయో అన్నీ చెప్పు. నేనేం అనను" అన్నాను.

చాలాసేపు ఏం మాట్లాడలేదు. నాకు నోటిదాకా వస్తోంది, అబ్బా జన్నత్‌లో ఉంటారు, నువ్వు బాధపడకు అని. నాలుక కరుచుకుని కూర్చున్నాను. అప్పుడు మొదలుపెట్టింది. మోకాలి నొప్పి. నా చెల్లెలి అత్తగారి మాటలు. అబ్బా మిషన్ ఎవరికివ్వాలి. రాత్రి తలుపు గడియ సరిగా పడట్లేదు. నేను జీతం సంగతి తనకు చెప్పట్లేదు. చివర్లో, చాలా చిన్నగా, బట్టల సేఠ్.

"వీటిలో నీకు రాత్రి అన్నిటికంటే ఎక్కువ తిరిగేది ఏది?" అని అడిగాను. నేను అబ్బా జ్ఞాపకాలు అంటుందేమో అనుకున్నాను. కాదు. బట్టల సేఠ్ అంది.

అబ్బా చివరి రెండేళ్ళు చూపు మందగించినా షేర్వానీలు ఒప్పుకునేవాడు. అస్తర్ గుడ్డ, బటన్లు ఉధార్ మీద తెచ్చేవాడు. పద్నాలుగు వేలు కర్జ్ ఉండిపోయింది. ఆ సంగతి అమ్మీకి ఒక్కదానికే తెలుసు. జనాజా ముందు నేను అందరి ఎదుటా నిలబడి, మరహూమ్ ఎవరికైనా బాకీ ఉంటే చెప్పండి, అది నా జిమ్మా అని అడిగాను. సేఠ్ ఆ రోజు రాలేదు. తర్వాత కూడా అడగలేదు. కర్జ్ తీరని రూహ్‌కు సుకూన్ ఉండదని అమ్మీ నమ్మకం. ఆ నమ్మకంతో రాత్రంతా కూర్చునేది. "మరి నాకెందుకు చెప్పలేదు?" అంటే, "నీ బిడ్డ ఫీజు కట్టాలని తిరుగుతున్నావు. నీకు ఇంకో సోచ్ ఎందుకు ఇవ్వాలి బేటా" అంది.

మూడు నిమిషాల డాక్టరుకు కాదు, అదే ఇంట్లో ఉన్న కొడుకుకే ఇది తెలియడానికి అన్ని నెలలు పట్టింది. నేను అమ్మీ గమ్‌కు మందు వెతుకుతున్నాను. అమ్మీని నిద్ర లేపుతున్నది లెక్క.

ఏం చేద్దాం అని ఇద్దరం కూర్చుని లెక్క వేశాం. ఒకేసారి ఇవ్వలేను. సగం ఇప్పుడు, సగం రంజాన్ లోపు ఇద్దామని అమ్మీయే తేల్చింది. సేఠ్ దగ్గరికి వెళ్ళాను. ఆయన ఖాతా పుస్తకం తీసి చూపించాడు. అబ్బా పేరు మీద గీత కొట్టేసి ఉంది. "ముప్పయ్యేళ్ళ దోస్తీ, ఎలా అడుగుతాను" అన్నాడు. ఇంటికొచ్చి చెబితే అమ్మీ ఒప్పుకోలేదు. "గీత కొడితే కాదు. మాఫ్ చేశానని జబాన్‌తో చెప్పాడా?" అంది. మళ్ళీ వెళ్ళాను. ఏడు వేలు తీసుకుని, మిగతాది మాఫ్ చేశానని ఆయన అమ్మీతో ఫోనులో చెప్పాడు. అమ్మీ దుపట్టా మొహానికి అడ్డం పెట్టుకుని ఏడ్చింది. అబ్బా పోయాక నేను చూసిన మొదటి ఏడుపు.

ఆ రాత్రి హాయిగా నిద్రపోయింది అని రాస్తే కథ బాగుంటుంది. పోలేదు. మాత్రలు ఇంకో రెండు నెలలు వేసుకుంది, ఇంకో డాక్టరు చెప్పిన ప్రకారం మెల్లగా తగ్గించింది. ఈసారి ఆ డాక్టరుకు "అమ్మీకి సోచ్ ఉంది" అనే చెప్పాను. ఆయనకు అర్థమైంది. ఇప్పుడు రాత్రిళ్ళు ఎక్కువగా నిద్రపోతుంది, కొన్ని రాత్రులు లేస్తుంది. లేచినప్పుడు నన్నూ లేపుతుంది. అది నాకు చాలు.

*

బెంచీ అన్నిటికీ మందు కాదు. లేని గొంతులు వినిపించేవాళ్ళకు, ఒంటి మీద స్పృహ పోయేంత జబ్బు ఉన్నవాళ్ళకు డాక్టరు కావాలి, మందు కావాలి. మన దేశంలో లక్ష మందికి ఒక్క సైకియాట్రిస్టు కూడా లేడు. అది సర్కారు చెయ్యాల్సిన పని. బెంచీ పేరు చెప్పి దాన్ని తప్పించుకోనివ్వకూడదు. మన ఆశా వర్కర్ల నెత్తిన ఇది కూడా ఒక పనిగా పడేసి, పైసలు మాత్రం ఇవ్వకపోతే అది దోస్తీ కాదు, వెట్టి.

అయినా డాక్టరు గదికీ మన ఇంటికీ మధ్య చాలా దూరం ఉంది. ఒకసారి బస్సు చార్జీ అంత, ఒకసారి ఒక మాట అంత. ఆ దూరంలో ఎవరో ఒకరు కూర్చోవాలి.

బతకొద్దనిపించే ఆలోచన మీకున్నా, మీ ఇంట్లో ఎవరికైనా ఉన్నా 14416కి ఫోన్ చెయ్యండి. టెలి మానస్ అంటారు, 2022 నుంచి ఉంది, పైసలు అక్కర్లేదు, తెలుగులోనూ మాట్లాడతారు. అలాంటి ఆలోచన ఉందా అని అడిగితే లేనివాళ్ళకు కొత్తగా పుడుతుందేమో అని భయపడకండి. అడిగితే పుట్టదు. అడగకపోతేనే లోపల ఒంటరిగా పెరుగుతుంది.

నేను ఇప్పుడు డెస్క్‌లో ఉన్నాను. జిల్లాల నుంచి రోజూ క్రైమ్ వార్తలు వస్తాయి. ఎవరైనా కుర్రవాడు 'కడుపునొప్పి తాళలేక' అని రాసి పంపిస్తే ఫోన్ చేస్తున్నాను. "బేటా, ఎన్ని రోజుల నుంచి నొప్పి? ఎవరికైనా చెప్పిందా? పనికి పోతోందా?" అని అడుగుతున్నాను. చాలాసార్లు వాళ్ళకు తెలియదు. "సార్, నాలుగు లైన్ల వార్తకు ఇన్ని ప్రశ్నలా" అంటారు.

ఔను, ఇన్ని ప్రశ్నలే. ముప్పయ్యేళ్ళ కింద నానీ చబూత్రా మీద ఎవరమైనా వాటిలో ఒక్కటి అడిగి ఆగి ఉంటే బాగుండేది.